గోడకు అటువైపు తీగ

గాలి ఉత్తరం నుంచి వీచినప్పుడు తీగ మోగుతుంది. పడమటి గాలికి మోగదు. ఈ సంగతి లువీనియాకు హోజీ పోయాకే తెలిసింది. అతను బతికి ఉన్నన్నాళ్ళూ ఆ తీగకు గాలితో పని పడలేదు.

అది చీపురు తీగ. అరిగిపోయిన చీపురు మొదలుకు చుట్టి ఉన్న ఇనపతీగను విప్పి, సాగదీసి, ఇంటి గోడకు రెండు మేకులు కొట్టి కట్టాడు హోజీ. మోకాలెత్తున ఒక మేకు, తలకు పైన ఒక మేకు. రెండు కొసల దగ్గరా తీగ కింద చిన్న సీసాలు దూర్చాడు. సీసా దూరగానే తీగ బిగుస్తుంది. వేలితో మీటుతూ, ఇంకో చేత్తో గాజుముక్క దాని మీద జార్చితే మనిషి మూలిగినట్టు మోగుతుంది. పత్తి పండే ఆ డెల్టాలో నల్లవాళ్ళ పిల్లలంతా ఇలా గోడకు తీగ కట్టుకునే పాట నేర్చుకుంటారు. పెద్దయ్యాక గిటారు దొరుకుతుంది, గోడను మరిచిపోతారు. హోజీ గిటారును వరద నీళ్ళు పట్టుకుపోయాయి. మళ్ళీ ఇంకోటి కొనలేదు. శనివారాలు సారా పాకలో తాగి ఆడేవాళ్ళ కోసం స్నేహితుడి గిటారు అడిగి తీసుకుని వాయించేవాడు. మిగతా రోజుల్లో, మీసం నెరిసినా, పిల్లవాడిలా గోడ దగ్గరే నిలబడేవాడు.

ఆ సీసాలు లువీనియావి. పొడుం సీసాలు. చర్చిలో తెల్లబట్టలు కట్టుకుని, పెద్ద వయసు ఆడవాళ్ళకు ముందు వరసలో వేసే పెద్దమ్మల బల్ల మీద కూర్చునే మనిషికి ఉన్న ఒకే అలవాటు, కింది పెదవి వెనక చిటికెడు పొడుం.

"నీ పొడుం మీద నిలబడిందే నా సైతాను పాట," అనేవాడు హోజీ. "సగం పాపం నీ లెక్కలో రాసుకో."

"రాసుకునేవాడు పైన ఉన్నాడు. ఆయన ఎవరి పేరు మీద రాయాలో ఆయనకు తెలుసు."

ఊళ్ళో దాన్ని బ్లూస్ అనేవారు. చర్చిలో సైతాను పాట అనేవారు. హోజీ ఏ పేరూ పెట్టేవాడు కాదు. "కాసేపు గోడ దగ్గరుంటా," అని వెళ్ళేవాడు.

తీగ ఇంటి బయట ఉండటానికి కారణం లువీనియా. ఆ పాట తన గడప దాటి లోపలికి రాకూడదని చెప్పింది. రాదన్నాడు హోజీ. అన్నట్టే బయట కొట్టాడు మేకులు. కాని ఎక్కడ కొట్టాడంటే, సరిగ్గా ఆమె మంచానికి తలవైపున్న గోడకు అటువైపు.

ఆ గోడ ఒంటి పలక మందం. లోపలి వైపు చలి ఆగడానికి పాత పేపర్లు అంటించి ఉన్నాయి. తీగ మీటితే పలకలు మోగుతాయి. పలకలు మోగితే పేపర్లు సన్నగా వణుకుతాయి, మంచం కోళ్ళలోకి కూడా ఆ వణుకు దిగుతుంది. పాట గడప దాటలేదు. దానికి గడప అవసరం లేకపోయింది.

*

పెద్ద నది గట్టు తెంచుకున్న ఏడు వాళ్ళకు ఒక కూతురు ఉండేది. పెర్లీన్. అప్పుడప్పుడే మాటలు వస్తున్నాయి. ఇంటి కప్పెక్కి కూర్చున్న ముగ్గుర్నీ పడవవాళ్ళు వచ్చి ఎక్కించుకున్నారు. మునిగిన చెట్టు కొమ్మకు తగిలి పడవ ఒరిగింది. హోజీ చేతికి లువీనియా అందింది. పెర్లీన్ అందలేదు.

అంతే. ఇంతకు మించి ఆ సంగతి వాళ్ళు ఎవరికీ చెప్పలేదు. ఒకరికొకరు అసలే చెప్పుకోలేదు.

నీళ్ళు తీశాక బురదలో చాలా దొరికాయి. పొయ్యి దొరికింది. నాగలి దొరికింది. దొరగారి పియానో ఎక్కడో చేలో దొరికింది, మూత తెరిస్తే లోపల చేపలు. జనం దాన్ని చూడ్డానికి వెళ్ళి నవ్వుకుని వచ్చారు. ఆ నవ్వు చూశాక లువీనియా చర్చికి వెళ్ళడం మొదలుపెట్టింది. హోజీ అరిగిన చీపురు ఒకటి వెతుక్కుని తీగ విప్పాడు.

మొదటి సాయంత్రం అతను పాడింది ఇది.

నీళ్ళొచ్చాయి గట్టు తెంచుకుని,
ఓ, నీళ్ళొచ్చాయి గట్టు తెంచుకుని,
అన్నీ దొరికాయి బురదలో, నా —

లువీనియా లోపల మంచం మీద కూర్చుని బొంత కుడుతోంది. సూది గుచ్చుకోకుండా వేలికి ఇత్తడి తొడుగు ఉంది. తర్వాత వచ్చే పేరు ఏదో ఆమెకు తెలిసింది. ఆ పేరు అతని నోటి నుంచి రాకముందే చెయ్యెత్తి గోడ మీద కొట్టింది. ఠక్, ఠక్.

తీగ ఆగింది. గోడ అవతల హోజీ ఊపిరి వినిపించింది. కాసేపటికి, పాదంలో మిగిలిన ఒక్క ముక్కా అన్నాడు.

దొరకలేదు.

ఆ తర్వాత ఎన్ని సాయంత్రాలు ఆ పాట పాడాడో. పత్తి ఏరి వేళ్ళు చీరుకుపోయిన రోజుల్లో పాడాడు. దొర లెక్క చూసి ఏడాది కష్టానికి ఏమీ మిగల్లేదన్న రోజూ పాడాడు. వేరే పాటలు పాడితే లువీనియా పట్టించుకునేది కాదు. ఆ పాట మొదలైతే మాత్రం ఎక్కడున్నా మంచం దగ్గరికి వచ్చేది. ఆ చోటు రాబోతుండగా వేలు లేచేది. ఠక్, ఠక్. అతను ఆగేవాడు. ఆగి, ఆ చివరి ముక్క అనేవాడు.

మొండిమనిషి అనుకునేది. ఆపమంటే ఆపుతాడు గాని, ఒక్క ముక్క మిగుల్చుకుంటాడు.

"రొట్టె చల్లారిపోతోంది," అని కేకేసేది. "ఆ గోడకు అంటుకుపోయావా ఏంటి?"

"గోడ వింటుందే. నువ్వు వినవు."

"గోడనే వండిపెట్టమను."

అతను నవ్వుకుంటూ వచ్చేవాడు. మొక్కజొన్న రొట్టె, ముల్లంగాకు కూర, ఒక ముక్క ఉప్పుమాంసం. తినేటప్పుడు వాతావరణం గురించి మాట్లాడుకునేవారు. వాళ్ళకు మళ్ళీ పిల్లలు పుట్టలేదు.

*

హోజీ పత్తి ఏరుతూ పోయాడు. సంచి భుజానికి ఉండగానే సాలు మధ్యలో కూర్చున్నాడు. మళ్ళీ లేవలేదు. పాస్టరుగారు సమాధి దగ్గర మంచి మాటలు చెప్పారు. కష్టజీవి అన్నారు, భార్య మాట జవదాటని మనిషి అన్నారు. గోడ గురించి, తీగ గురించి ఎవరూ అనలేదు. అక్కడ అనదగిన సంగతి కాదు.

ఆ చలికాలం ఒక సాయంత్రం లువీనియా కుడుతూ ఉండగా గోడ మూలిగింది. ఆమె వేలు దానంతటదే లేచింది. గోడకు ఇంకా జానెడు దూరం ఉండగా గుర్తొచ్చింది. అది గాలి. చెయ్యి దించుకుంది.

అప్పటినుంచీ ఉత్తరపు గాలి కోసం చూసేది. తలుపు తీసి గుమ్మంలో నిలబడి, చెంప ఎటు చల్లబడుతుందో చూసి, లోపలికొచ్చి మంచం మీద కూర్చునేది. గాలికి పాట రాదు. రెండు పాదాలూ ఉండవు, మూడోదీ ఉండదు. ఒక్కటే శబ్దం, పెరిగి తగ్గుతుంది. అయినా అది హోజీ కట్టిన తీగే. అతనిది అంటూ ఇంకా చప్పుడు చేసేది అదొక్కటే.

ఈలోగా రోడ్డు వెంట ఇళ్ళు ఖాళీ అవుతూ వచ్చాయి. పత్తి ఏరే యంత్రాలు వచ్చాయి. కలుపు చావడానికి మందు విమానం చల్లుతోంది. చేతులతో చేసే పని లేదు. కొందరు ఉత్తరాదికి పోయారు, కొందరు పట్నంలోకి. ఖాళీ అయిన ఇంటిని వారం తిరక్కుండా యంత్రం పెట్టి తోసేసి దున్నేవారు. ముందు పక్కింటి దీపం పోయింది. తర్వాత ఎదురింటిది. చివరికి ఆ రోడ్డు మీద సాయంత్రం పూట లువీనియా దీపం ఒక్కటే మిగిలింది.

కమతం అజమాయిషీ చూసే తెల్లవాడు హార్లన్ ఒక రోజు జీపు దిగకుండానే మాట్లాడాడు.

"లువీనియా, శనివారానికల్లా ఖాళీ చెయ్యి."

"ఎక్కడికి పోనయ్యా?"

"పట్నంలో మీవాళ్ళ కోసం కొత్త ఇళ్ళు కట్టారుగా. సిమెంటు గోడలు, ఇంట్లోనే నీళ్ళు, కరెంటు. ఇంకేం కావాలి నీకు?"

"ఈ ఇల్లేం చేస్తారయ్యా?"

"దున్నేస్తాం. నీ వంటింట్లో రెండు సాళ్ళు పడతాయి." పరాచికంగానే అన్నాడు. ఆమె కూడా నవ్వాలని చూశాడు. తర్వాత జీపు తిప్పుకున్నాడు.

సామాను సర్దడానికి హోజీ చెల్లెలు అర్జెల్లా పట్నం నుంచి వచ్చింది. సర్దే పని తక్కువ, పారేసే పని ఎక్కువ చేసింది.

"ఈ సట్టి కూడానా వదినా? దీని అడుగు చిల్లి పడింది."

"ఉండనీ. మేకులు వేసుకుంటా."

"మేకులెందుకు నీకు?"

లువీనియా మంచం తలవైపు గోడకేసి చూసింది. అర్జెల్లా ఆమె చూపు ఎటు పోయిందో చూసింది.

"ఆ తీగా! మా అన్న తీగ! పెద్దమ్మల బల్ల మీద కూర్చునేదానివి, పాస్టరుగారి కంట పడితే ఏమంటారు?"

"పాస్టరుగారు ఇంటింటికీ వచ్చి గోడలు తడమరు."

"వాయిస్తావా ఏంటి కొంపదీసి?"

"బట్టలారేసుకుంటా."

"ఆ తీగ మీద ఒక చేతిరుమాలు ఆరుతుంది వదినా," అని అర్జెల్లా పకపకా నవ్వింది. నవ్వి, తల పక్కకు తిప్పుకుని ముక్కు తుడుచుకుంది. తర్వాత సట్టిని చప్పుడు చేయకుండా మూటలో పెట్టింది.

లువీనియాకు ఆ ఇంట్లో దేని మీదా అంత మమకారం లేదు. పొయ్యి పోయినా ఫరవాలేదు. తలుపు దగ్గర తాను నాటిన గులాబీ పోయినా ఫరవాలేదు. కొత్త ఇంట్లో కూడా గోడకు ఆ తీగ ఉండాలి, అది మోగాలి. అది మోగని చోట హోజీ నిజంగా పోయినట్టే.

*

శనివారం ఈజెల్ లారీ తెచ్చాడు. కాగితం మిల్లుకు దుంగలు తోలే లారీ. శనివారాల్లో హోజీ అడిగి తీసుకున్న గిటారు ఇతనిదే. చర్చివాళ్ళకు దూరంగా బతికిన మనిషి. లువీనియా ఇతన్ని ఎన్నడూ గుమ్మం దాటి లోపలికి పిలవలేదు. ఇప్పుడు మంచాన్ని ఒక్కడే భుజం మీద పెట్టుకుని ఆ గుమ్మంలోంచే బయటికి తెచ్చాడు.

అన్నీ ఎక్కించాక ఆమె అతని చేతికి పట్టకారు ఇచ్చింది.

"జాగ్రత్తగా విప్పు. తెగకూడదు."

"చీపురు తీగే కదా మిస్ లువీనియా. పట్నంలో చీపుర్లు లేవా?"

"నాకు ఇది కావాలి."

ఈజెల్ తీగను వేలితో తాకి, తర్వాత గోడను అరచేత్తో తట్టాడు. "తీగలో ఏం లేదండీ. మోగేది ఇల్లు. హోజీ వాయించింది ఇంటిని. తీగ ఊరికే పట్టుకోడానికి."

"విప్పమన్నా కదా."

"విప్పుతా. ఒక్కసారి వాయించి విప్పుతా. అడగకుండా విప్పితే వాడు నన్ను ఊరుకోడు. మీరు లోపలికి వెళ్ళండి. ఎదురుగా మీరు నిలబడితే నాకు చెయ్యి రాదు, పాపాలు ఒప్పుకోడానికి వచ్చినట్టుంటుంది."

ఆమె లోపలికి వెళ్ళింది. మంచం ఉన్న చోట నేల పలకలు తెల్లగా ఉన్నాయి. మిగతా నేలంతా అడుగులకు నల్లబడింది. ఆమె ఆ తెల్లటి చోట నిలబడింది.

ఈజెల్ మొదలుపెట్టాడు. ఖాళీ ఇంట్లో పాట ఎప్పుడూ లేనంత పెద్దదిగా ఉంది. మంచం లేదు, బొంతలు లేవు, శబ్దాన్ని తాగే వస్తువేదీ లేదు. గోడ నుంచి గోడకు తిరిగింది. నీళ్ళొచ్చాయి గట్టు తెంచుకుని. అతని గొంతు హోజీ గొంతు కాదు, బొంగురు. అన్నీ దొరికాయి బురదలో, నా —

ఆగాడు.

ఆమె ఎదురుచూసింది. గోడ అవతల ఏ చప్పుడూ లేదు.

"ఏమైంది? గొంతు పట్టుకుందా?" అని కేకేసింది.

"నాకేం కాలేదండీ. మీ వంతు."

"నా వంతేంటి?"

ఈజెల్ కిటికీ దగ్గరికి వచ్చి లోపలికి చూశాడు. ఆమె నిజంగానే అడుగుతోందని అర్థం కావడానికి అతనికి కాస్త సమయం పట్టింది.

"ఇక్కడ మీరు కొట్టాలి కదా. గోడ. లువీనియా తట్టు. మీకు తెలీదా?"

"ఏం తెలియాలి నాకు?"

"పాకలో ఈ పాట పాడితే హోజీ ఈ చోటికొచ్చి తీగలొదిలేసి గిటారు పొట్ట మీద రెండు కొట్టేవాడు. ఇదేంట్రా అంటే, ఇక్కడ మా ఆవిడ కొడుతుంది అన్నాడు. తర్వాత్తర్వాత వాడు కొట్టే పనే లేకపోయింది. జనమే కొట్టేవాళ్ళు. బల్ల మీద గ్లాసులతో, సీసా మూతలతో, గోడకేసి బూటు మడమలతో. దుమ్ము రాలేది కప్పు నుంచి. మీరు చర్చిలో నిద్రపోతుంటే, క్షమించండి, ప్రార్థన చేసుకుంటుంటే, ఇక్కడి నుంచి సన్‌ఫ్లవర్ నది దాకా మీ తట్టు తెలియని తాగుబోతు లేడు."

ఆమె మొహం వేడెక్కింది. ఇన్నేళ్ళూ తన పేరు ఆ పాకలో, ఆ పొగలో. కాని అడగాల్సింది అది కాదు.

"అక్కడ ఏదన్నా పేరు చెప్పేవాడా?"

"ఏ పేరు?"

"ఏదైనా. ఆ చోట."

"లేదండీ. ఒకసారి నేనే అడిగా. ఏం దొరకలేదురా నీకు, గిటారా? అని. అది మా ఆవిడ చెప్పాలి అన్నాడు. నవ్వాం. ఎవడికి వాడు ఏదో ఒకటి పెట్టుకునేవాడు లెండి అక్కడ. లేచిపోయిన పెళ్ళాం పేరు ఒకడు, చచ్చిన కంచరగాడిద పేరు ఒకడు. ఒక ముసలాయన ఆ తట్టు దగ్గర ప్రతిసారీ కళ్ళు తుడుచుకునేవాడు. ఎవరి కోసమో మేం అడగలేదు."

తాను వినని చోట కూడా హోజీ ఆ పేరు అనలేదు. అనడానికి అడ్డేమీ లేదు అక్కడ. ఇంటి దగ్గర అతను ఆగింది ఆమె ఆపమన్నందుకు కాదు. ఆమె చెబుతుందని ఆగాడు.

"మళ్ళీ మొదలుపెట్టు," అంది.

ఈజెల్ గోడ దగ్గరికి వెళ్ళి మళ్ళీ మొదలుపెట్టాడు. రెండు పాదాలూ అయ్యాయి. మూడోది వచ్చింది. అన్నీ దొరికాయి బురదలో, నా — అని ఆగాడు. ఆమె చెయ్యి కొద్దిగా లేచింది. అక్కడే నిలిచిపోయింది. ఆపడానికైతే కొట్టగలదు, వేల సార్లు కొట్టింది. ఇప్పుడు కొడితే అది పేరు పెట్టడమే. చెయ్యి గోడ దాకా పోలేదు.

ఈజెల్ చాలాసేపు ఆగాడు. చివరి ముక్క అతనూ అనలేదు. తట్టు పడకుండా అది అనకూడదని అతనికి తెలుసు.

"చాలు," అంది ఆమె. "విప్పు."

మేకులు కీచుమంటూ ఊడాయి. లారీ కదిలాక ఆమె వెనక్కి చూడలేదు. చుట్టగా చుట్టిన తీగ ఒడిలో ఉంది, రెండు పొడుం సీసాలు చెరో జేబులో ఉన్నాయి.

*

కొత్త ఇల్లు జంట ఇల్లు. ఒక కప్పు కింద రెండు కాపురాలు. బయటి గోడలు సిమెంటు ఇటుకలవి. ఈజెల్ మేకు పెట్టి కొట్టాడు, వంగిపోయింది. ఇంకోటి కొట్టాడు, అదీ వంగింది. మూడోది, నాలుగోది ఎలాగో దిగాయి. రెండు కొసలూ కట్టి, సీసాలు దూర్చి మీటాడు. మూత పెట్టిన డబ్బాలో ఈగ తిరిగినట్టు ఉంది.

"ఈ గోడకు చెవుడండీ," అన్నాడు. ఇంకేదో అనబోయి మానేసి, సట్టిలోని మేకుల్లో వంగినవాటిని ఏరి జేబులో వేసుకుని వెళ్ళిపోయాడు.

ఆమె తీగ విప్పి తలుపు వెనక తగిలించింది. ఆ ఇంట్లోకి గాలి శబ్దం రాదు. ఏ వైపు నుంచి వీస్తోందో తెలియదు. నీళ్ళు గోడలోంచి వస్తాయి, వెలుగు కప్పులోంచి వస్తుంది. సాయంత్రం తలుపేసుకుంటే లోకం అంతా ఒకేసారి ఆగిపోయినట్టుండేది.

ఆదివారం చర్చిలో తన చోట కూర్చుంది. పాటలయ్యాయి, చప్పట్లయ్యాయి, చందా పాట మొదలైంది. చందా పళ్ళెం వెనకే నిలబడిన చర్చి పెద్ద పర్విస్ ఒక చేత్తో బల్ల అంచు పట్టుకుని ఉన్నాడు. ఆమె తలెత్తి చూసింది. పర్విస్ వేళ్ళు పాటకు తగ్గట్టు కదులుతున్నాయి. పాదం ముగిసే చోట బల్ల మీద పడ్డాయి. ఠక్, ఠక్. ఆమె కళ్ళు అతని వేళ్ళ మీదే ఉన్నాయి. పర్విస్ ఆ చెయ్యి నెమ్మదిగా తీసి వీపు వెనక దాచుకున్నాడు.

ఇతను కూడానా అనుకుంది. నవ్వు వచ్చింది. ఆ తర్వాత, ఇతను అక్కడ ఎవర్ని పెట్టుకున్నాడో అనుకుంది.

ఒక మధ్యాహ్నం వాన పడుతోంది. మంచం మీద పడుకుని ఉండగా పక్కన ఎవరో దగ్గారు. చెవి దగ్గరే దగ్గినట్టుంది. లువీనియా లేచి కూర్చుంది. ఆ గోడ సిమెంటు రంగే వేసి ఉంది గాని, సిమెంటు కాదు. రెండు ఇళ్ళ మధ్య పలకలు కొట్టి పైన రంగేశారు. వేలి తొడుగుతో ఒకసారి తట్టింది. ఆ మోత ఆమెకు తెలుసు.

మేకులు తానే కొట్టింది. ఒకటి మోకాలెత్తున, ఒకటి అందినంత పైన. తీగ కట్టింది. సీసాలు దూర్చింది. సైతాను పాట గడప లోపలికి వచ్చింది. ఆమె తీసుకొచ్చింది. ఆ సంగతి పైనున్నాయన ఎవరి పేరు మీద రాసుకున్నాడో ఆమె ఆలోచించలేదు.

హోజీ చేతుల్ని అంతకాలం విన్నది గాని చూసింది తక్కువ. గాజుముక్క ఎక్కడ ఆపాలో వేళ్ళకు తెలియదు, చెవికి తెలుసు. తప్పుతూ, వెతుక్కుంటూ, మొదటి పాదం వచ్చింది. రెండోది మొదటిదే కాబట్టి అదీ వచ్చింది. మూడో పాదం ఆ చోటికి వచ్చి ఆగింది. ఆమె నిలబడింది. కొట్టేవాళ్ళు లేరు. రెండు చేతులూ తీగ మీదే ఉన్నాయి. తానే వాయించి, తానే కొట్టుకునేది కాదు అది. గాజుముక్క కిటికీలో పెట్టి, కాఫీ వేడి చేసుకుని తాగి, పడుకుంది.

మర్నాడూ అంతే. ఆ మర్నాడూ. పాట ఆ చోట తెగి, అక్కడే వేలాడేది.

పక్కింటి మనిషి పేరు టెంపీ. ఆసుపత్రి దుప్పట్లు ఉతికే చోట పని. తెల్లవారకముందే పోయి, మధ్యాహ్నం దాటాక వచ్చి, దీపాల వేళకే పడుకునేది. లువీనియా ఆమె మొహం సరిగా చూడలేదు. దగ్గు తెలుసు, మంచం కిర్రు తెలుసు.

ఆ సాయంత్రం లువీనియా వేళ్ళు కాస్త తోవకొచ్చాయి. తీగ గట్టిగా మోగింది. గొంతెత్తి పాడింది కూడా. అన్నీ దొరికాయి బురదలో, నా —

ఠక్, ఠక్.

చెప్పు మడమతో కొట్టిన దెబ్బ. గోడకున్న సీసాలు కదిలాయి.

"ఏమమ్మోయ్! మనుషులు పడుకోవాలా వద్దా? వారం రోజులుగా చూస్తున్నా, ఏంటా పిల్లిగోల!"

లువీనియా చేతులు తీగ మీదే ఉండిపోయాయి. మొహం గోడకు బెత్తెడు దూరంలో ఉంది. పలకల మీద రంగు పొరలు పొరలుగా లేచి ఉంది. అవతల ఒక మనిషి ఉంది. ఆ మనిషి మొహం కనిపించదు. హోజీ ఇన్నేళ్ళూ నిలబడింది ఇక్కడ.

"దొరకలేదు," అంది ఆమె. పాటగా రాలేదు, మాటగానే వచ్చింది.

అవతల చెప్పు నేల మీద పడింది.

"ఏంటి దొరకనిది?" అంది టెంపీ. గొంతులో కోపం ఇంకా ఉంది గాని, తగ్గింది. "ఏం పోగొట్టుకున్నావు?"

లువీనియా నుదురు పలకకు ఆనించింది. ఆ పేరు చెప్పింది. నీళ్ళొచ్చిన ఏడు తర్వాత నోటితో అనడం అదే. చాలా మెల్లగా అంది. పలక మీది రంగుకు తగిలేంత మాత్రమే.

"ఆఁ? వినపడలేదు."

"ఏం లేదమ్మా. పడుకో. పొద్దున్నే లేవాలిగా నువ్వు."

"లేవాలి కాబట్టే అంటున్నా." మంచం కిర్రుమంది. దుప్పటి లాక్కున్న చప్పుడయింది.

మర్నాడు లువీనియా దీపాల వేళ దాకా ఆగింది. టెంపీ వచ్చిన చప్పుడు వింది. టెంపీ చెప్పులు విడిచింది. నీళ్ళు తిప్పింది. దగ్గింది. పడుకుంది. అప్పుడు లువీనియా గాజుముక్క తీసుకుని గోడ దగ్గర నిలబడి, మొదటి పాదం వాయించింది. రెండో పాదం వాయించింది. మూడోది ఆ చోటికి తెచ్చి, తీగ మీద నుంచి చెయ్యి తీసింది.

ఎదురుచూసింది.

గోడ అవతల మంచం కిర్రుమంది.